మూడో యాపిల్ ఎవరికి

2011 మార్చి, శాంటా క్లారా. మంగళవారం పొద్దున పది గంటలకు మా ల్యాబ్ ముందు గదిలో ఉన్నవి ఇవి. నెర్మిన్ అనే అరవై ఐదేళ్ల టర్కీ ఆవిడ. ఆవిడ ఒళ్లో బిస్కెట్ల రేకు డబ్బా. డబ్బాలో చేతిరుమాలు చుట్టిన లాప్‌టాప్ హార్డ్ డిస్క్. మా సీనియర్ ప్రసాద్ అన్న. నేను. నా ముందు పన్నెండు గళ్ల ఫారం. ఉండాల్సి ఉండీ రాలేకపోయిన మనిషి ఒకరు: ఆ డిస్క్ యజమాని, నెర్మిన్ గారి భర్త ఫిక్రెత్.

మాది డేటా రికవరీ పని. పాడైన డిస్కుల్లోంచి జనం పోగొట్టుకున్న ఫైళ్లను బయటికి తీయడం. అప్పటికి నాకు ఇరవై ఆరేళ్లు, ఈ పనిలో మూడో ఏడు నడుస్తోంది. ఈ పని చేసేవాళ్లను అందరూ అడిగే ప్రశ్న, ఇంతవరకూ తీసినవాటిలో గుర్తుండిపోయినది ఏదని. కంపెనీ సర్వర్లున్నాయి, పెళ్లి ఫొటోలున్నాయి. అయినా అడిగిన ప్రతివాళ్లకూ నేను చెప్పేది ఈ బిస్కెట్ల డబ్బా సంగతే. మేమంతా మాట్లాడుకున్నది ఇంగ్లీషులో. ఇక్కడ తెలుగులో రాస్తున్నాను.

ఫారంలో నాలుగో గడి, పాడవడానికి కారణం.

"జనవరిలో మా ఆయనకు స్ట్రోక్ వచ్చింది. అప్పుడు ఇది ఆయన ఒళ్లో ఉంది. ఇద్దరూ ఒకేసారి పడ్డారు" అన్నారు నెర్మిన్ గారు. "ఆయన్ని ఆసుపత్రికి తీసుకెళ్లాను. దీన్ని మీ దగ్గరికి తెచ్చాను."

"కింద పడింది" అని రాసుకున్నాను.

పన్నెండో గడి, అన్నిటికంటే ముఖ్యమైన ఫైల్.

"నవల. తొమ్మిదేళ్లుగా రాస్తున్నారు. ఒక పడవ ఇరవై ముగ్గురితో బయల్దేరుతుంది, ఇరవై ఇద్దరితో ఒడ్డు చేరుతుంది. నాకు తెలిసింది అంతే."

"మీరు చదవలేదా మేడమ్?"

"చదవనివ్వలేదు. పూర్తయ్యాక మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా వరసగా నేను చదవాలి, ఆయన ఎదురుగా కూర్చుని నా ముఖం చూడాలి. అదీ ఒప్పందం. ఇప్పుడాయనకు మాట పోయింది, చదవడం పోయింది. వినడం మిగిలింది. ఇంకో స్ట్రోక్ వస్తే అది కూడా ఉండకపోవచ్చంటున్నారు డాక్టర్లు. అందుకని నేను పైకి చదివి వినిపిస్తాను."

"నవల పూర్తయిందా?"

ఆవిడ నవ్వారు. "ఇంజినీర్ బే, మా ఆయన జీవితంలో ఏదీ పూర్తి చేయలేదు. గ్లాసులో చివరి గుక్క టీ వదిలేస్తారు, నేను తాగుతాను. ఉత్తరంలో చివరి వాక్యం వదిలేస్తారు, నేను రాస్తాను. కానీ ఆ రోజు పొద్దున 'ఇంక అయిపోయినట్టే' అన్నారు. అయిపోయిందో, అయిపోయినట్టేనో మీరే చెప్పాలి."

బే అంటే మన 'గారు' లాంటిదని తర్వాత తెలిసింది. అమెరికా వచ్చాక నన్ను ఇంజినీర్ గారూ అన్న మొదటి మనిషి ఆవిడే.

డిస్క్ తెరిచి చూస్తే హెడ్ క్రాష్. హెడ్ అంటే డిస్క్ లోపల గిర్రున తిరిగే పళ్లెం మీద వెంట్రుకవాసి ఎత్తున తేలుతూ డేటాను చదివే భాగం. అది పళ్లేనికి తగిలి గీరుకుపోయింది. ఇలాంటప్పుడు అదే మోడల్ డిస్క్ ఇంకొకటి వెతికి, దాని హెడ్లు తీసి దీనికి అమరుస్తాం. ఇచ్చేదాన్ని డోనర్ డ్రైవ్ అంటాం. ఆ తర్వాత ఒక్కో భాగాన్నీ మెల్లగా చదివించి నకలు తీయాలి. తొమ్మిది రోజులు పట్టింది. ఫైళ్ల పేర్లు, ఫోల్డర్లు రాసి ఉండే చోటు సరిగ్గా గీత పడినచోటే ఉంది. కాబట్టి ఫైళ్లు దొరికాయి గానీ పేర్లు దొరకలేదు. నవలకు సంబంధించినవి ఇరవై మూడు. పడవలో మనుషులూ ఇరవై ముగ్గురే కనుక ఏ అధ్యాయమూ పోలేదనుకున్నాను. అంతవరకు నా లెక్క సరైనదే.

పేర్లు లేనప్పుడు వరస ఎలా? ప్రతి డాక్యుమెంట్ లోపల దాన్ని చివరిసారి సేవ్ చేసిన తేదీ ఉంటుంది. ఆ తేదీల ప్రకారం పేర్చి, ప్రింట్ తీసి, స్పైరల్ బైండింగ్ చేయించి, ముందొక విషయసూచిక కూడా పెట్టి ఇచ్చాను. విషయసూచిక ఎవరూ అడగలేదు.

నాలుగో రోజు నెర్మిన్ గారు ఆ బైండింగ్ పట్టుకుని మళ్లీ వచ్చారు. కోపంగా లేరు. కోపంగా ఉంటే బాగుండేది.

"మొదటి రోజు చదివితే 'యోక్' అన్నారు. రెండో రోజు 'యోక్, యోక్' అన్నారు. మాకు యోక్ అంటే లేదు, కాదు. ఆయనకు మిగిలిన రెండు మాటల్లో అదొకటి. రెండోది తమామ్, అంటే సరే. తమామ్ మంచి రోజుల్లోనే వస్తుంది. మూడో రోజు నేను చదువుతుంటే గోడవైపు తిరిగిపోయారు. టీ కూడా ముట్టలేదు."

"వరస తప్పా?"

"మీరు మూడోదిగా పెట్టిన దాంట్లో లైఫ్‌బోట్ తాడు విప్పిందెవరో చెప్పేశారు. తొమ్మిదేళ్లు దాచిన రహస్యం, బుధవారం సాయంత్రం ఐదు గంటలకు, నేను సూప్ కలుపుతూ చదివేశాను."

పక్క బల్ల దగ్గర డిస్క్ విప్పుతున్న ప్రసాద్ అన్న తలెత్తకుండా తెలుగులో అన్నాడు. "చివరగా సేవ్ చేసింది చివరి చాప్టరేనని ఎవడు చెప్పాడు తమ్ముడూ? రాసేవాడు మొదటి పేజీనే వందసార్లు దిద్దుకుంటాడు. నీ రెజ్యూమే నువ్వెన్నిసార్లు దిద్దుకున్నావో గుర్తులేదా?"

అది నిజం. ఫిక్రెత్ గారు చివరి నెలల్లో దిద్దుకున్నది మొదటి అధ్యాయాలను. మెషీన్ గుర్తుంచుకున్న వరసను నేను మనిషి వరస అనుకున్నాను.

"మేడమ్, టర్కిష్ తెలిసినవాళ్లెవరైనా ఒకసారి చదివి వరస పెడితే..."

"మా స్నేహితుల్లో ఎవరికిచ్చినా ఆదివారం టీ దగ్గర కథంతా చెప్పేస్తారు. ఒకామె అయితే ముగింపు నచ్చలేదని కూడా చెబుతుంది. నేను వెతకాలంటే నేనే చదివేయాలి. ఇప్పటికే మూడు చదివాను." ఆవిడ బైండింగ్‌ను నా వైపు జరిపారు. "మీకు టర్కిష్ రాదు. ఈ పనికి అదే మీ అర్హత. చదవకుండా పేర్చగలరా?"

ఇంటర్వ్యూల్లో చాలా అర్హతలు చెప్పుకున్నాను. రాకపోవడం అర్హత అయింది ఇదొక్కసారే. వారం టైమ్ అడిగాను.

పేజీ నంబర్లు చూశాను, ప్రతి ఫైల్లోనూ ఒకటి నుంచే మొదలు. పొడవు చూశాను, ఏ వరసా లేదు. చివరికి ఇరవై మూడు ఫైళ్ల మొదటి వాక్యాలు ఒక కాగితం మీద, చివరి వాక్యాలు ఇంకో కాగితం మీద ప్రింట్ తీసి గోడకు అంటించాను. అర్థం తెలియని భాషను బొమ్మలా చూడొచ్చు. చివరి వాక్యాలన్నీ అవే మూడు మాటలతో మొదలవుతున్నాయి. ఆ మూడు మాటలు మాత్రం చీటీ మీద రాసుకుని నెర్మిన్ గారికి ఫోన్ చేసి, ఒక్కో అక్షరం చెప్పాను.

"గోక్‌తెన్ ఊచ్ ఎల్మా" అని ఆవిడే పూర్తి చేశారు. "ఆకాశం నుంచి మూడు యాపిల్ పండ్లు పడ్డాయి. మా కథలన్నీ అలాగే ముగుస్తాయి. ఒకటి కథ చెప్పినవాళ్లకు, ఒకటి విన్నవాళ్లకు."

"మూడోది?"

"చెప్పేవాళ్ల ఇష్టం. మా నానమ్మ ఎవరు అలిగి ఉంటే వాళ్లకు ఇచ్చేది. మీ కథలు ఎలా ముగుస్తాయి?"

"కథ కంచికి వెళ్తుంది, మేం ఇంటికి వెళ్తాం."

"కంచి అంటే?"

"ఒక ఊరు. మా ఊరి నుంచి రైల్లో పదిహేను గంటల పైనే."

"పాపం! ప్రతి కథా అంత దూరం పోవాలా? తినడానికేమైనా ఇస్తారా?"

"ఏమీ ఇవ్వం."

"అందుకే మేం యాపిల్స్ ఇస్తాం" అన్నారు. వెంటనే గొంతు మారింది. "మూడోది ఎవరికి పడిందో మాత్రం నాకు చెప్పకండి. ఏ ఒక్క అధ్యాయంలోదీ చెప్పకండి."

చెప్పలేదు. గోడ దగ్గరికి వెళ్లి చూశాను. మూడో యాపిల్ ఒక్కో అధ్యాయంలో ఒక్కో మాటకు దక్కింది. ఆ మాటలే, మన కి, కు లాంటి తోకలు కొంచెం మారి, ఎదురు కాగితం మీది మొదటి వాక్యాల్లో ఉన్నాయి. తోకలు మారడం తెలుగువాడికి కొత్త కాదు. పడవలో ఒకరు కథ చెప్పి, మూడో యాపిల్‌ను పక్కవాళ్లకిస్తారు. అందుకున్నవాళ్లు తర్వాతి కథ మొదలుపెడతారు. అదీ ఆ నవల పద్ధతి. ఎవరి యాపిలూ పడనివాళ్లది మొదటి అధ్యాయం.

అరచినట్టున్నాను, ప్రసాద్ అన్న గ్లోవ్స్ తీసి వచ్చాడు. గోడను చూసి నవ్వాడు.

"ఇది లింక్డ్ లిస్ట్ కదరా! ఇంటర్వ్యూలో లింక్డ్ లిస్ట్ అడిగితే, బయట దీన్నెవడు వాడతాడన్నా అని ఏడ్చావే. ఇదుగో, టర్కీ పెద్దాయన వాడాడు."

లింక్డ్ లిస్ట్ అంటే ప్రతి ముక్కలోనూ తర్వాతి ముక్క ఎక్కడుందో రాసి పెట్టుకునే పద్ధతి. ముక్కలు ఎలా చెల్లాచెదురైనా, మొదటిది దొరికితే చివరిదాకా నడిచిపోవచ్చు. చిన్న ప్రోగ్రామ్ రాసి పోల్చాను, తర్వాత పెన్సిల్‌తో గీతలు గీసి మళ్లీ సరిచూశాను. ఇరవై రెండు గీతలు, ఇరవై మూడు అధ్యాయాలు. ఏదీ రెండుసార్లు తగల్లేదు, ఏదీ మిగల్లేదు.

చివరి అధ్యాయంలో మాత్రం ఒక సంగతి ఉంది. వాక్యం మూడో యాపిల్ దాకా వచ్చి ఆగిపోయింది. మాట లేదు, చుక్క లేదు.

"చివరి ముక్క కదా, నల్ ఉంటుంది. అంటే తర్వాత ఏమీ లేదని. అది ముగింపే" అన్నాడు ప్రసాద్ అన్న.

"గట్ల కాదన్నా. నల్ అయితే వాక్యమన్న పూర్తి గావాలె గదా. ఇది సగంల ఆగింది. గీత పడ్డ దగ్గర పోయిందేమో."

"పోయిందేమో అంటే కుదర్దు తమ్ముడూ. పోయిందా, రాయలేదా? ఆవిడకు ఆ రెండిటికీ చాలా తేడా ఉంటుంది."

మా పనిలో రిపోర్టులో అందరూ రాసే మాట 'దొరకలేదు'. ఉండి పోయినదానికీ అదే రాస్తాం, అసలు లేనిదానికీ అదే రాస్తాం. కస్టమర్ కూడా ఆ తేడా అడగడు. ఈసారి అలా రాయబుద్ధి కాలేదు. ఆ అధ్యాయానికి మూడు పరీక్షలు చేశాను. ఒకటి, ఆ ఫైల్ కూర్చున్న చోటంతా మళ్లీ చదివించాను, చదవలేని భాగం ఒక్కటీ లేదు. రెండు, ఫైల్ చివర ఉండాల్సిన గుర్తులు సరిగ్గా ఉన్నాయి. మూడు, సేవ్ చేసినప్పుడు డాక్యుమెంట్ తనలో ఎన్ని అక్షరాలున్నాయో తానే రాసి పెట్టుకుంటుంది. ఆ అంకె, నేను లెక్కపెట్టిన అంకె ఒక్కటే. అంటే పోలేదు. ఫిక్రెత్ గారు అక్కడ ఆపి, సేవ్ చేశారు.

ఇక మిగిలింది చెప్పడం. ముందే చెబితే ముగింపు చెప్పినట్టవుతుంది. చెప్పకపోతే చివరి పేజీలో సగం వాక్యం చూసి, మిగిలింది డిస్క్‌తో పాటు పోయిందని ఆవిడ జీవితాంతం అనుకోవచ్చు. తెలుగులో ఇద్దరం అరగంట వాదించుకున్నాం. చివరికి ఒక లైన్ రాసి, కవరులో పెట్టి అంటించి, పైన 'ఇరవై మూడో అధ్యాయం తర్వాత' అని రాసి కొత్త బైండింగ్‌తో పాటు ఇచ్చాను. విషయసూచిక పెట్టలేదు.

ఆవిడ కవరును వెలుతురులో పెట్టి చూడబోయి, తమాయించుకుని సంచిలో వేసుకున్నారు.

రోజుకొక అధ్యాయం. మొదటి సాయంత్రం తర్వాత ఫోన్ చేసి ఒక్క మాట అన్నారు. "తమామ్." మర్నాడూ అదే. ఆరో రోజు ఆయన రెండు గ్లాసుల టీ తాగారని చెప్పారు. పన్నెండో రోజు ఫోన్ రాలేదు. నేనే చేస్తే, "నేను ఏడుస్తున్నాను, ఆయన సంతోషంగా చూస్తున్నారు, తర్వాత మాట్లాడదాం" అని పెట్టేశారు. పంతొమ్మిదో రోజున తాడు విప్పిన సంగతి మళ్లీ వచ్చింది. "ఆశ్చర్యపోయినట్టు నటించాను. ఆయన నమ్మలేదు. కానీ నటించినందుకు నవ్వారు."

ఇరవై మూడో రోజు ఆదివారం. సాయంత్రం నాలుగింటికి రమ్మని పిలిచారు. "కథ చెప్పేవాళ్లుంటే వినేవాళ్లు కావాలి. అర్థం కానివాళ్లయినా ఫరవాలేదు."

వాళ్ల అపార్ట్‌మెంట్ మా ల్యాబ్ నుంచి పదకొండు నిమిషాల దూరం. కిటికీ పక్కన చక్రాల కుర్చీలో ఫిక్రెత్ గారు. కుడి చెయ్యి ఒళ్లో కదలకుండా ఉంది. ఎడమ చెయ్యి నాకందించారు. గట్టి చెయ్యి. ముప్పై ఏళ్లు వంతెనలు కట్టారని, చదువుకునే రోజుల్లో ఇస్తాంబుల్ పడవల మీద టికెట్లు అమ్మారని నెర్మిన్ గారు చెప్పారు. నవలలో మాయమైన మనిషి కోసం వెతికేవాడు కూడా టికెట్లు అమ్మేవాడేనట. తనకిష్టమైన అమ్మాయే కనబడకుండా పోతే, ఎక్కడని అడుగుతూ ప్రతి ప్రయాణికుడి దగ్గరా ఒక కథ వింటాడు.

"ఇంతకీ ఎక్కడికి పోయింది?" అన్నాను.

"చెప్పను. టర్కిష్ నేర్చుకుని చదువు."

'మీరు' పోయి 'నువ్వు' వచ్చిందని నాకు అనిపించింది. ఇంగ్లీషులో రెండూ ఒకటే. అయినా తెలిసింది.

నడుముకు నొక్కు ఉన్న చిన్న గాజు గ్లాసుల్లో టీ పోశారు. ఆవిడ చదవడం మొదలుపెట్టారు. నలభై నిమిషాలు. నాకు అర్థమైనవి మూడు మాటలు: యోక్, తమామ్, ఎల్మా. ఫిక్రెత్ గారు కిటికీలోంచి బయటికి ఒక్కసారి కూడా చూడలేదు. ఆయన చూస్తున్నది ఒప్పందం ప్రకారం చూడాల్సినదాన్నే. ఒకచోట ఆవిడ ఆగి కళ్లద్దాలు తుడుచుకున్నారు. ఒకచోట నవ్వి, ఆయన మోకాలి మీద కొట్టారు.

తర్వాత గోక్‌తెన్ ఊచ్ ఎల్మా వచ్చింది. నేను గ్లాసు కింద పెట్టేశాను.

ఆవిడ సగం వాక్యం దాకా వచ్చి ఆగారు. పేజీ తిప్పారు. వెనక ఖాళీ. నా వైపు చూశారు. ఆ చూపు నాకు తెలుసు. ఫైల్ దొరకలేదని చెప్పినప్పుడు అందరూ చూసే చూపు.

"కవరు" అన్నాను.

చింపి చదివారు. నేను రాసిన లైన్ ఇది: 'ఈ ఫైల్ పూర్తిగా దొరికింది. చివరి మాట తర్వాత ఒక్క అక్షరం కూడా పోలేదు.'

రెండుసార్లు చదివారు. తర్వాత ఆయన వైపు చూశారు. ఆయన ఆవిడ వైపు చూడటం లేదు. బల్ల మీద తన టీ గ్లాసు వైపు చూస్తున్నారు. అందులో ఒక గుక్క మిగిలి ఉంది.

"అయ్యో మనిషీ" అన్నారు నెర్మిన్ గారు. అది ఇంగ్లీషులో అన్నారో టర్కిష్‌లో అన్నారో ఇప్పుడు నాకు గుర్తు లేదు. "ఇది కూడా నాకేనా?"

ఆయన ఎడమ చేత్తో గ్లాసును ఆవిడ వైపు రెండంగుళాలు జరిపారు.

ఆవిడ ఆ గుక్క తాగారు. నా జేబులోంచి పెన్ను అడిగి తీసుకున్నారు. బైండింగ్‌ను మోకాళ్ల మీద పెట్టుకుని చాలాసేపు ఆలోచించి, ఆగిపోయిన వాక్యం పక్కన ఒక మాట రాసి చుక్క పెట్టారు. ఆయనకు చదివి వినిపించారు.

"తమామ్" అన్నారు ఫిక్రెత్ గారు.

ఆ మాట ఏమిటో నాకు తెలియదు. అడగలేదు. నా అర్హత అదే కదా.

ఆ తర్వాత నా రిపోర్టుల్లో ఒక మార్పు వచ్చింది. 'దొరకలేదు' అని రాసేముందు మూడు ప్రశ్నలు వేసుకుంటాను: ఉండి పోయిందా, అసలు లేదా, ఎవరికోసమైనా వదిలారా? మూడోదానికి మా ఫారంలో గడి లేదు. మార్జిన్‌లో రాస్తాను. కొత్తగా చేరినవాళ్లు ఇదేమిటని అడిగితే ప్రసాద్ అన్న నా వైపు చూపించి, "టర్కీ కేసు, ఆయన్నే అడగండి" అంటాడు.

ఆ ఆదివారం మర్నాడు, సోమవారం పొద్దున ల్యాబ్‌కు వెళ్లి కేసు మూసేశాను. అధ్యాయాలు ఇరవై మూడు. పోయినవి సున్నా. కింద పెన్సిల్‌తో నాకోసం అధ్యాయానికి మూడేసి చొప్పున రాసుకున్న లెక్కలో, చివరిదాంట్లో ఒకటి తక్కువై, యాపిల్ పండ్లు అరవై ఎనిమిది అని ఉంది. దాన్ని చెరిపి దిద్దాను.

అరవై తొమ్మిది.